సమస్య: "మగ్గము విరుగంగ మాను మొలిచె" (పూరణలు, చర్చ)

నిర్వాహకుడు:
ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం. పై మూడు పాదాలు మీరు రాసి పద్యం పూరించాలి.

మగ్గము విరుగంగ మాను మొలిచె

మార్వెల్ వాళ్ల 'లోకి' సిరీస్ రెండో భాగం (2023) చూసినప్పటి నుంచి ఈ పాదం నాలుకమీద ఆడుతోంది. చూడనివాళ్ల కోసం రెండు మాటలు. అందులో కథానాయకుడు లోకి. కాలాన్ని అదుపులో ఉంచే టీవీఏ (టైమ్ వేరియన్స్ అథారిటీ) అనే కార్యాలయం ఉంటుంది. దాని నడిబొడ్డున ఒక పెద్ద యంత్రం, పేరు టెంపోరల్ లూమ్, అంటే కాలపు మగ్గం. ముడి కాలాన్ని పోగులుగా మార్చి ఒక్క దారిలో నడిపించడం దాని పని. మొదటి భాగం (2021) చివర సిల్వీ (మరో కాలపు దారిలోని లోకి) కాలానికి కాపలా ఉన్నవాణ్ణి చంపేస్తుంది. దాంతో ఒక్క కథ పోయి లెక్కలేనన్ని కథలు కొమ్మలుగా చీలుతాయి. అన్ని పోగులు మగ్గం మోయలేదు. మోయలేనప్పుడు అది చేసేది ఒకటే: ఆ ఒక్క దారిని ఉంచి మిగతావన్నీ తుడిచేస్తుంది. దాన్ని అందుకే అలా కట్టారు. ఈ సంగతి తెలిశాక లోకి మగ్గాన్నే పగలగొట్టి, చచ్చిపోతున్న పోగుల్ని చేత్తో పట్టుకుని గద్దె మీద కూర్చుంటాడు. ఆ పోగులన్నీ కలిసి చెట్టు ఆకారం దాలుస్తాయి. నార్స్ పురాణాల్లో లోకాలన్నిటినీ మోసే యగ్‌డ్రసిల్ వృక్షం అది.

ఈ కథే రాయాలని లేదు. మగ్గం విరగాలి, మాను మొలవాలి, చదివినవాడికి "ఔను, నిజమే" అనిపించాలి.

గణాలు (హ అంటే గురువు, లఘువు; న అంటే మూడు లఘువులు): మగ్గ (హ), ము విరు (న), గంగ (హ), మాను (హ), మొలిచె (న). యతి, అంటే పాదం మొదటి అక్షరానికి నాలుగో గణం మొదటి అక్షరంతో పొత్తు, మ–మా. 1, 3 పాదాల్లో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు. 2, 4 పాదాల్లో ఐదు సూర్యగణాలు. ప్రాస అక్కర్లేదు.

హైదరాబాద్ సభ్యుడు:
కథ ప్రకారమే ప్రయత్నించాను.

కాలతంతులెల్లఁ గట్టిగాఁ జేపట్టి
యొక్కఁడచట నిలిచి శాంతముగను
జీవమూది వానిఁ జిగురింపఁ జేయంగ
మగ్గము విరుగంగ మాను మొలిచె

నిర్వాహకుడు:
మూడో పాదం చాలా బాగుంది. జీ–జి యతి వెతికి తెచ్చినట్టు లేదు, దానంతట అదే వచ్చి కూర్చుంది. రెండో పాదంలో మాత్రం యతి తప్పింది. 'ఒ'కి 'శా' చెల్లదు. "యొక్కఁడచట నిలిచి యోర్పుతోడ" అంటే ఒ–ఓ కుదురుతుంది, అర్థం కూడా పెరుగుతుంది. అక్కడ అతనికి కావలసింది శాంతం కాదు, ఓర్పే. ఆ యంత్రం పని నేర్చుకోవడానికే వందల ఏళ్లు గడిపాడు కదా!

ఇంకో సంగతి. "చేయంగ", "విరుగంగ" పక్కపక్కన పడి వరస తారుమారైంది. పోగులు చిగురించాక మగ్గం విరిగినట్టు వినిపిస్తోంది. జరిగింది ఇందుకు ఉల్టా. మూడో పాదాన్ని "చిగురింపఁ జేసెను" అని ఆపేయండి. నాలుగో పాదం విడి వాక్యమై నిలబడుతుంది.

హైదరాబాద్ సభ్యుడు:
అవునండీ, వరస నాకు తట్టనే లేదు. మార్చేశాను.

గుంటూరు మాస్టారు:
కాలాన్ని నేసే మగ్గం మనకు కొత్త కాదు. నన్నయగారి ఆదిపర్వంలో ఉదంకుడి కథ ఉంది. తక్షకుడు ఎత్తుకుపోయిన కుండలాల కోసం ఉదంకుడు నాగలోకం వెళ్లినప్పుడు ఇద్దరు స్త్రీలు తెల్ల, నల్ల దారాలతో బట్ట నేస్తూ కనిపిస్తారు. పన్నెండు ఆకుల (చువ్వల) చక్రాన్ని ఆరుగురు కుమారులు తిప్పుతుంటారు. దారాలు పగలూ రాత్రీ, చక్రం సంవత్సరం, కుమారులు ఋతువులు. ఆ బొమ్మే కళ్ల ముందు పెట్టుకుని రాశాను.

నలుపు తెలుపు నూలు నడిపించు నిద్దరు
పడతు లల్లు బట్ట పగలు రేయి
యది నిలిచిన నేమి యారు ఋతువులందు
మగ్గము విరుగంగ మాను మొలిచె

నిర్వాహకుడు:
మాస్టారూ, మొదటి రెండు పాదాలూ నోటికొచ్చేశాయి. "పడతు లల్లు బట్ట పగలు రేయి" అన్నచోట మగ్గం ఆడిన చప్పుడు వినిపించింది. ఒక్క సందేహం: మూడో పాదంలో నేత "నిలిచింది", నాలుగులో మగ్గం "విరిగింది". ఆగడం వేరు, విరగడం వేరు. ఉదంకుడు చూసిన మగ్గం ఆగనూ ఆగదు, ఎవరినీ తుడిచేయదు. అందులో నలుపుకీ చోటుంది, తెలుపుకీ చోటుంది. అలాంటి మగ్గం విరగాలంటే పద్యంలో కారణం కనిపించాలి.

గుంటూరు మాస్టారు:
నిజమే. అంత మంచి మగ్గాన్ని విరగ్గొట్టడానికి నాకూ చేతులు రాలేదు. అందుకే "నిలిచిన" అని తప్పించుకున్నాను.

విజయవాడ సభ్యురాలు:
నేను కథలు రాస్తాను. నా అనుభవం ఇది.

కథకు ముందె గీత గట్టిగా గీసితి
పాత్రలె తమ దారిఁ బట్టిపోయె
చెరిపివైచి చూడ జీవమ్ము వచ్చెను
మగ్గము విరుగంగ మాను మొలిచె

నిర్వాహకుడు:
గణాలు, యతులు అన్నీ సరిగ్గా ఉన్నాయి. చెరిపింది గీతనా, పాత్రలనా అని ఒక్క క్షణం ఆగాల్సి వచ్చింది. అది తప్ప వంక పెట్టడానికి ఏమీ లేదు.

చీరాల సభ్యురాలు:
మాది నేత ఇల్లు. నాకు సిరీస్ సంగతి తెలీదు.

పెరటి మునగ కొమ్మ పెళుసైన గుంజయై
నాన్న నేయు వేళ నడుమ విరిగె
పాతిపెట్టినంత వానకుఁ జివురించె
మగ్గము విరుగంగ మాను మొలిచె

నిర్వాహకుడు:
అమ్మా, ఇంత సూటి పూరణ వస్తుందనుకోలేదు. పా–వా యతి కూడా చక్కగా పడింది. అయితే మునగ మెత్తటి కర్ర కదా, మగ్గానికి వాడతారా?

చీరాల సభ్యురాలు:
మగ్గానికి వాడరండి. పడుగుకి (బట్టలో నిలువు పోగులకి) గంజి పెట్టేటప్పుడు వీధి పొడవునా చాపి, రెండు చివరలా గుంజలు పాతి లాగి కడతారు. ఆ రోజు ఒక గుంజ దొరక్క నాన్న పెరట్లో మునగ కొమ్మ కొట్టి పాతాడు. తడి పడుగు బరువుకి అది ఫట్‌మని విరిగింది. నేను "నేయు వేళ" అనడం తప్పే.

గుంటూరు మాస్టారు:
మరి విరిగింది గుంజ అయితే మగ్గం విరిగిందని ఎలా అంటామమ్మా?

చీరాల సభ్యురాలు:
పడుగు మట్టిలో పడి పోగులన్నీ అతుక్కుపోయాయండి. అమ్మా నేనూ అరుగు మీద కూర్చుని ఒక్కొక్క పోగూ విడదీశాం. అన్నాళ్లూ గుంట మగ్గంలో నాన్న కాళ్లు దిగలేదు. మా ఇంట్లో ఇప్పటికీ ఆ రోజుల్ని "మగ్గం విరిగినప్పుడు" అనే చెప్పుకుంటాం.

గుంటూరు మాస్టారు:
ఇంక నేనేమీ అడగను. ఆ గంజి సంగతి మాత్రం రెండో పాదంలోకి తీసుకురామ్మా.

చీరాల సభ్యురాలు:
పెరటి మునగ కొమ్మ పెళుసైన గుంజయై
నాన్న గంజి పెట్ట నడుమ విరిగె
పాతిపెట్టినంత వానకుఁ జివురించె
మగ్గము విరుగంగ మాను మొలిచె