పోటుకు మునిగి, పాటుకు తేలే నేలను తెలుగులో ఏమనాలి?

ప్రశ్న (బరంపురం సభ్యులు): గోపాల్‌పూర్ తీరం గురించిన రాతల్లో ఆటుపోట్ల మధ్య నేలను, అంటే పోటుకు (నీరు పొంగినప్పుడు) మునిగి పాటుకు (నీరు తగ్గినప్పుడు) తేలే నేలను, కొందరు ‘తీరభూమి’ అనీ, కొందరు ‘బంజరు’ అనీ రాస్తున్నారు. ఏది సరి, మాస్టారూ?

జవాబు: రెండూ సరిపోవండి. తీరభూమి అంటే పోటు ఎన్నడూ తాకని సరుగుడు తోట కూడా అందులోకి వస్తుంది. బంజరు అంటే దున్నదగినదై ఉండీ సాగులో లేని నేల అని రైతుకు తోస్తుంది. మన గంజాం జిల్లా 1936 ఏప్రిల్ 1న ఒడిశాలో చేరేదాకా మద్రాసు ప్రెసిడెన్సీలోదే. 1905 నాటి మద్రాసు భూ ఆక్రమణ చట్టం రెండో సెక్షను, జమీందారులూ తదితరులకు చెందినవాటిని మినహాయించి, పోటు గీతకు (పోటు నీరు ఎక్కే హద్దుకు) దిగువనున్న సముద్రపు అడుగునూ, రేవుల, ఉప్పుటేర్ల అడుగునూ ప్రభుత్వ ఆస్తిగా చెప్పింది. అంటే ఆ నేల యజమాని లేక పడి ఉన్నది కాదు. ‘పోరంబోకు’ కూడా పన్ను లెక్కకు వెలుపల ఉంచిన భూమికే పేరు; ఆ మాట తిట్టుగా మారడం వల్ల ఆ భూమికి విలువ లేదన్న భావం పాతుకుపోయింది. ఇక్కడి ఖతాల్లో (భూమి రికార్డుల్లో) ప్రభుత్వ భూమికి కనిపించే ‘అనాబాది’ (సాగులో లేనిది) అనే మాటను ‘పనికిరానిది’ అని తెలుగు చేయడమూ అలాంటి అన్యాయమే.

ఋషికుల్యా నది మొగ (సముద్రంలో కలిసే చోటు) దగ్గర పాటు సమయంలో నిలబడి చూస్తే, పోటు విడిచిపోయిన నాచు, గవ్వల వరుసకు పైన పొడి ఇసుకలో ఆడవాళ్ళు చేపలు ఎండబెడుతుంటారు, కింద తడి ఇసుకలో మగవాళ్ళు అలివి వల లాగుతుంటారు. ఆ వరుస రోజూ ఒకేచోట ఉండదు కనుక ఏ పోటును లెక్కలోకి తీసుకోవాలన్నదే అసలు చిక్కు. ఇంగ్లండులో 1854 నాటి తీర్పు పున్నమి, అమావాస్యల పెద్ద పోటుకూ అష్టమి చిన్న పోటుకూ నడిమి మట్టాన్ని యాజమాన్యపు హద్దుగా పట్టుకుంది. మన కేంద్ర ప్రభుత్వ తీర నియంత్రణ మండలి (సీఆర్‌జెడ్) ప్రకటనలు మాత్రం పెద్ద పోటులో నీరు ఎక్కే గరిష్ఠపు గీతను తీసుకున్నాయి. 2019 ప్రకటన ఆ గీతకూ పాటు గీతకూ నడుమనున్న నేలను ‘1–బి’ తరగతిలో ఉంచింది. కాబట్టి పట్టా ఉన్న నేల కూడా ఈ తరగతిలో పడవచ్చు. అప్పుడు హక్కు పోదు, వాడకానికి ఆంక్ష వస్తుంది. అనువాదకులు ఈ రెండింటినీ కలిపేస్తే చదివిన మత్స్యకారుడు తన ఇల్లే పోయిందనుకుంటాడు. పాటు గీత దాటాక, ప్రాదేశిక జలాల అడుగు రాజ్యాంగం 297వ అధికరణం ప్రకారం కేంద్రానిది.

టెక్కలి సభ్యులు: మా వైపు ‘తంపర’ అనే మాట ఉంది కదా, అది వాడకూడదా?

జవాబు: తంపర చక్కని మాటే గాని, అది నీరు నిలిచే పల్లపు నేలకు పేరు. ఛత్రపురం దగ్గరి తంపర మంచినీటి సరస్సు. 2021లో అంతర్జాతీయ ప్రాముఖ్యం గల చిత్తడి నేలల రామ్‌సర్ జాబితాకు ఎక్కింది. ఆ పేరును ఉప్పునీటి పోటు నేలకు అంటగడితే రెండూ చెడతాయి. ‘పోటుపాటు నేల’, దాని హద్దులకు ‘పోటు గీత’, ‘పాటు గీత’ అనడం నాకు సమ్మతం, ఎందుకంటే సముద్రం మీదకు వెళ్ళేవారికి ఇవి విడమరచి చెప్పనక్కర లేదు. ఒడియాలో జువారు, భట్టా అంటారు కనుక రెండు భాషల దస్తావేజులను పక్కపక్కన పెట్టి చూసుకోవడమూ తేలిక. 1996 డిసెంబరులో కమల్‌నాథ్ కేసులో సుప్రీంకోర్టు, సముద్రతీరం వంటివాటికి రాజ్యం ప్రజల తరఫున ధర్మకర్త అని చెప్పింది. ఆ తీర్పును తెలుగు చేసేటప్పుడు ‘ప్రభుత్వ భూమి’ అని ఊరుకోకుండా ‘ప్రజల కోసం ప్రభుత్వం అధీనంలో ఉన్న పోటుపాటు నేల’ అని పూర్తిగా రాయాలని కోరుతున్నాను. బాహుదా నది మొగ దగ్గరి ఊళ్ళవారు ఈ నేలకు వేరే పేరు వాడుతుంటే ఇక్కడ తెలియజేయగలరు.