దెయ్యం లేకుండా, ఇంట్లో మనిషే భయపెట్టే సినిమాలు చెప్తారా?

అందరికీ నమస్కారం. ప్రమాదం బయటినుంచి కాకుండా ఇంట్లోనే, మనతో కలిసి భోంచేసే మనిషి రూపంలో ఉండే సైకలాజికల్ థ్రిల్లర్ల కోసం వెతుకుతున్నాను. నాకు బాగా నచ్చినవి చెప్తే మీకు అర్థమవుతుంది.

అన్నిటికంటే ముందు హిచ్‌కాక్ తీసిన 'షాడో ఆఫ్ ఎ డౌట్' (1943). మేనమామ ఇంటికొస్తాడు, అందరూ మురిసిపోతారు. ఆయన ఇచ్చిన ఉంగరం మీద వేరెవరివో అక్షరాలు చూసిన మేనకోడలికి మెల్లగా అనుమానం మొదలవుతుంది. తమ్ముడంటే ప్రాణం పెట్టే తల్లికి ఆ మాట ఎలా చెప్పాలో తెలియక ఆ పిల్ల నలిగిపోతుంటే నా గుండె పట్టేసింది. అసలు భయం ఆ మౌనంలోనే ఉందనిపిస్తుంది నాకు.

తర్వాత 'ద హ్యాండ్ దట్ రాక్స్ ద క్రేడిల్' (1992). పిల్లల్ని చూసుకోవడానికి వచ్చిన ఆయా, ఆస్తమా ఉన్న ఇల్లాలి ఇన్‌హేలర్లు ఖాళీ చేసేస్తుంది చూడండి, అలాంటి చిన్న చిన్న పనులే నాకు కావాలి. 1960 నాటి కొరియన్ 'ద హౌస్‌మెయిడ్' కూడా చూశాను, అద్భుతం.

రక్తపాతం ఎక్కువుంటే చూడలేను. అత్తాకోడళ్లు, అన్నదమ్ములు, దత్తత పిల్లలు, ఏ బంధమైనా సరే. ఏ భాషైనా ఫర్వాలేదు, సబ్‌టైటిల్స్ ఉంటే చాలు. తెలుగులో అయితే మరీ సంతోషం. నేను మొదలుపెట్టినవి చాలావరకు సగంలో ఆత్మల కథలైపోయాయి. చివరిదాకా మనుషుల మధ్యే నడిచే తెలుగు సినిమా పాతదైనా, కొత్తదైనా ఉందా?

పేరుతోపాటు ఎందుకు నచ్చిందో ఒక ముక్క రాయండి. ముగింపు మాత్రం దయచేసి చెప్పకండి.