నక్షత్ర తాబేలును ఇంట్లో పెంచుకుంటే తప్పేంటి?

మదనపల్లి_మనిషి:
మా మేనత్త పదకొండేళ్లుగా సాకుతున్న నక్షత్ర తాబేలును మొన్న అటవీశాఖ వాళ్లొచ్చి పట్టుకెళ్లారు. ఆవిడ అన్నం ముట్టడం లేదు. లక్షల వ్యాపారం చేసేవాళ్లను వదిలేసి ముసలావిడ మీద పడతారా?

శ్రావణి_పశువైద్యం:
బాధ అర్థమవుతోందండీ. కానీ వన్యప్రాణి సంరక్షణ చట్టానికి 2022లో చేసిన సవరణతో అది మొదటి షెడ్యూల్లోకి, అంటే గట్టి రక్షణ ఉన్న జంతువుల జాబితాలోకి వెళ్లింది. చట్టం దృష్టిలో పులి ఎంతో అదీ అంతే. కనీసం మూడేళ్ల జైలు. నా దగ్గరికి తెచ్చిన పెంపుడు తాబేళ్లలో కొన్నింటి పెంకు వేలితో నొక్కితే లోపలికి పోయేది. ఎండ తగలక, కాల్షియం అందక అలా మెత్తబడుతుంది.

మదనపల్లి_మనిషి:
మా దాని పెంకు రాయిలా ఉండేది. మీరు చూశారా?

రఘు_కడప:
ఫారాలు పెట్టి అమ్మనిస్తే అడవిలో పట్టేవాడే ఉండడు.

శ్రావణి_పశువైద్యం:
తాబేలు కోడి కాదు, పెద్దదవడానికే ఏళ్లు పడుతుంది. పొలం గట్టున ఊరికే దొరికేదాన్నే ఫారంలో పుట్టిందని కాగితం రాసి దాటిస్తారు. మన దేశంలో ఈ దొంగ వ్యాపారం సాగే ఒక్క చోటి నుంచే ఏడాదికి కనీసం 55,000 తాబేళ్లను పట్టుకుపోతున్నారని 2015లో ఒక పరిశోధన తేల్చింది. చెన్నై విమానాశ్రయంలో ఎన్నిసార్లు దొరకలేదు? కాళ్లు లోపలికి నొక్కి, టేపు చుట్టి, సూట్‌కేసులో సర్ది బ్యాంకాక్‌కో కౌలాలంపూర్‌కో పంపుతారు. 2019లో జెనీవాలో సైటిస్ (వన్యప్రాణుల అంతర్జాతీయ వ్యాపారాన్ని అదుపు చేసే ఒప్పందం) దేశాలు దాన్ని మొదటి అనుబంధంలో, అంటే దేశాల మధ్య వ్యాపారం నిషేధించిన జాబితాలో చేర్చింది అందుకే.

మదనపల్లి_మనిషి:
మా అత్త బ్యాంకాక్ పంపలేదు కదా! ఇంట్లో ఉన్న ఒక్కదాని గురించే అడిగాను.

మేకల_సుబ్బయ్య:
రెండు రోజులుగా చదువుతున్నా. మా తమ్ముడు మేకలు కాస్తూ మెట్ట తాబేళ్లు ఏడు ఏరి గోతంలో వేసిచ్చాడు. ఒక్కోదానికి యాభై రూపాయలన్నారు. రెండు నెలలు జైల్లో ఉన్నాడు. తెమ్మన్నవాడు ఫోన్ నంబర్ మార్చేశాడు. మీ అత్తకు అన్నం సయించకపోతే ఇంతమంది మాట్లాడుతున్నారు. మా అమ్మ ఏడిస్తే ఎవరూ అడగలేదు. మీలాంటివాళ్లు కొంటేనే కదా, వాడు మా గడప తొక్కేది!

మదనపల్లి_మనిషి:
మాటలు జాగ్రత్త. మా అత్త దొంగ కాదు.

మేకల_సుబ్బయ్య:
మా తమ్ముడూ కాదు.

శ్రావణి_పశువైద్యం:
సుబ్బయ్యగారూ, ఈ మాట ముందే నేను అడగాల్సింది. ఏరినవాడే దొరుకుతాడు, తెప్పించినవాడు దొరకడు.

మదనపల్లి_మనిషి:
రాత్రి అత్తను అడిగాను. సంతలో ఒకడు గోనెసంచిలోంచి తీసిచ్చాడట. పెంకుకు టేపు జిగురు ఇంకా అంటుకునే ఉందట. కొబ్బరినూనె రాసి, పాత చీరముక్కతో మూడు రోజులు తుడిచిందట.

మేకల_సుబ్బయ్య:
ఆ అమ్మినవాడెవరో చెబుతుందా?

మదనపల్లి_మనిషి:
నేనూ అదే అడిగాను. గోడవైపు తిరిగి పడుకుంది.