బాండ్ మధ్యలో మానేస్తే రాసుకున్న 2 లక్షలూ కట్టాల్సిందేనా?

పద్నాలుగో_నెల:
రెండేళ్ల బాండ్ మీద సంతకం పెట్టి చేరాను. మధ్యలో మానేస్తే 2 లక్షలు కట్టాలని అందులో ఉంది. 14 నెలలు పనిచేసి, నోటీసు పీరియడ్ పూర్తి చేసి బయటికొచ్చాను. ఇప్పుడు 15 రోజుల్లో మొత్తం కట్టకపోతే దావా వేస్తామని లాయర్ నోటీసు వచ్చింది. ట్రైనింగ్ అన్నది మూడు వారాలు సీనియర్ పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టడమే. నా ఒరిజినల్ డిగ్రీ కూడా వాళ్ల దగ్గరే ఉంది. హెచ్‌ఆర్‌ని అడిగితే, ‘విజయా బ్యాంకు కేసులో సుప్రీంకోర్టే బాండ్ చెల్లుతుందని చెప్పింది’ అంటున్నారు. రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు. నిజంగా అంతా కట్టాలా?

చిన్న_యూనిట్:
మీ బాధ అర్థమవుతోంది, కానీ అవతలి వైపు కూడా వినండి. మా యూనిట్‌లో ఒక కుర్రాడిని కొత్త మెషిన్ నేర్చుకోమని 5 వారాలు పంపించాం. రానుపోను టికెట్లు, బస, ట్రైనింగ్ ఫీజు అన్నీ మావే. తిరిగొచ్చిన నాలుగో నెలలో మానేశాడు. ఇంకొకరు నేర్చుకుని వచ్చేదాకా ఆ మెషిన్ 23 రోజులు కవర్ కప్పుకుని పడుంది. ఆర్డర్ ఇచ్చినవాళ్లకు ఏం చెప్పాలి? మాలాంటి వాళ్లకు బాండ్ తప్ప ఇంకో ఆసరా లేదు. సంతకానికి విలువ లేదంటే రేపు ఎవరికీ ఏమీ నేర్పించం.

సివిల్_కోర్టు_మెట్లు:
ఇరవై ఏళ్లుగా ఇలాంటి దావాలు రెండు వైపులా నడిపాను. ఇద్దరూ ఒకే పొరపాటు చేస్తున్నారు. బాండ్‌లో రాసిన అంకెను బాకీ అనుకుంటున్నారు. అది బాకీ కాదు, గరిష్ఠ పరిమితి.

1872 నాటి కాంట్రాక్ట్ చట్టంలో 74వ సెక్షన్ చెప్పేది ఇదే. ముందే ఒక మొత్తం రాసుకున్నా, కోర్టు ఇప్పించేది ఆ మొత్తానికి మించని సమంజసమైన పరిహారం మాత్రమే. నష్టాన్ని రుజువు చేయకపోయినా పరిహారం అడగవచ్చని అదే సెక్షన్‌లో ఉంది. కంపెనీలన్నీ ఆ ఒక్క మాటే పట్టుకుంటాయి. కానీ నష్టమే జరగకపోతే పరిహారం ఉండదని, లెక్కగట్టడానికి వీలున్న నష్టాన్ని రుజువు చేయాల్సిందేనని 2015లో కైలాష్‌నాథ్ అసోసియేట్స్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

విజయా బ్యాంకు తీర్పు వచ్చింది 2025 మేలో. హెచ్‌ఆర్ చెప్పింది అబద్ధం కాదు, సగం మాత్రమే. అక్కడ మూడేళ్ల బాండ్, 2 లక్షలు. ఆ అధికారి సీనియర్ మేనేజర్. 2009లో ఇంకో బ్యాంకుకు వెళ్తూ అభ్యంతరం చెబుతూనే డబ్బు కట్టి, తర్వాత కోర్టుకెళ్లారు. హైకోర్టు ఆయన పక్షాన నిలిచింది, సుప్రీంకోర్టు బ్యాంకు పక్షాన. ఎందుకు? ప్రభుత్వ రంగ బ్యాంకు తనకు నచ్చినవాడిని పిలిచి ఉద్యోగం ఇవ్వలేదు. ప్రకటన ఇవ్వాలి, పోటీ ప్రక్రియ మొత్తం మళ్లీ నడపాలి, దానికి ఖర్చవుతుంది. పైగా ఆ హోదాకు, ఆ జీతానికి 2 లక్షలు మోయలేని భారం కాదంది. కంపెనీ అచ్చు వేసి ఇచ్చిన ఒప్పందాల్లో, ఆ షరతు ప్రజాహితానికి విరుద్ధం కాదని చూపాల్సింది యజమానే అని కూడా అదే తీర్పులో ఉంది. ఆ పేరా నోటీసుల్లో ఎవరూ రాయరు!

చిన్న యూనిట్ గారూ, మీ కేసు గట్టిది. కంపెనీ ఖర్చుతో ట్రైనింగ్ పొంది మానేసినప్పుడు యజమానికి అనుకూలంగా మద్రాసు హైకోర్టు తోష్నియల్ బ్రదర్స్ కేసులో తీర్పిచ్చింది. టికెట్లు, ఫీజు రసీదులు, ఉత్తరాలు జాగ్రత్త చేయండి. మానేసిన నాటి నుంచి 3 ఏళ్లలోపు దావా వేయాలి.

పద్నాలుగో నెల గారూ, పక్కన కుర్చీ వేసినందుకు ఎంత ఖర్చయిందో వాళ్లు చెప్పాలి. ఆ వివరం రాతపూర్వకంగా అడగండి. నోటీసుకు జవాబివ్వకుండా మాత్రం ఉండొద్దు. డిగ్రీ సంగతి వేరు. బాకీ ఉందనుకుంటే దావా వేసుకోవాలి, చదువు కాగితాన్ని తాకట్టు వస్తువులా పట్టుకు కూర్చోవడం నాకు అన్యాయంగా కనిపిస్తుంది.

చిన్న_యూనిట్:
సర్టిఫికెట్ పట్టుకోవడం తప్పే, ఒప్పుకుంటాను. కానీ రెండేళ్లకు ఒప్పుకుని 14 నెలలకే వెళ్లినప్పుడు సున్నా ఇస్తాననడం కూడా న్యాయం కాదు. నేనైతే మిగిలిన 10 నెలల వంతు అడుగుతాను. 2 లక్షల్లో అది దాదాపు 83 వేలు.

సివిల్_కోర్టు_మెట్లు:
చట్టంలో అలాంటి సూత్రం లేదు గానీ, రాజీ మాటలకు అది మంచి మొదలు. నిజంగా ఖర్చు పెట్టిన కంపెనీ విషయంలో. ఖర్చే లేనిచోట 83 వేలు కూడా ఎక్కువే. మీరు కొత్తగా బాండ్ రాయించేటప్పుడు నెలనెలా తగ్గే అంకె పెట్టండి, ట్రైనింగ్ ఖర్చు ఎంతో అందులోనే రాయండి. కోర్టులో నిలబడడానికి అలాంటి బాండ్‌కే ఎక్కువ అవకాశం.

పద్నాలుగో_నెల:
ఇద్దరికీ కృతజ్ఞతలు. నా ట్రైనింగ్‌కు అయిన ఖర్చు వివరాలు బిల్లులతో సహా ఇవ్వమని ఇప్పుడే మెయిల్ పెట్టాను. డిగ్రీ తిరిగివ్వమని విడిగా ఒక ఉత్తరం రాశాను, రేపు పొద్దున రిజిస్టర్డ్ పోస్టులో వేస్తాను. బిల్లులు చూపిస్తే నా వంతు కడతాను, ఆ మాట మెయిల్‌లోనే రాశాను.