దూపగుండం నీళ్లు కాగబెడితే విషం పోతదా, పోదా?

మ్యాప్_మేస్త్రి:
అందరికీ నమస్తే. రెండేండ్ల సంది మనం కలిసి అల్లుకుంటున్న కంచుసీమ అనే కల్పిత లోకం ఆట దూపగుండం కాడ ఆగిపోయింది. తెల్వనోళ్లకు చెప్తున్న, నల్లబండల నడుమ గుండం అది, నీళ్లు తేటగ తియ్యగ ఉంటయ్, ఒక్క దోసిలి తాగితే మూడొద్దులు దూప కాదు, గని తాగినోళ్ల బొక్కలు రాయి అయితయ్. మొన్న ఆదివారం పాలమూరుల కూసున్నప్పుడు పాచికలన్న కొత్త రూల్ తెచ్చిండు, కాగబెట్టి తాగితే ఏం గాదు, పచ్చివి తాగితే అక్కడికక్కడే రాయి అని. మునుగోడు అక్క వద్దని లేచిపోయింది. మీరేమంటరు?

పాలమూరు_పాచికలు:
ఆట అన్నంక బయటవడే దారి ఒకటి ఉండాలె. అంతే నేను చెప్పేది.

మునుగోడు_బిడ్డ:
రూల్ తప్పు అన్నా. బొక్కలు రాయి చేసే నీళ్లంటే మా దిక్కు ఫ్లోరైడ్ నీళ్లే గదా. ఫ్లోరైడ్ నీళ్లు కాగబెడితే నీళ్లే ఆవిరైపోతయ్, ఫ్లోరైడ్ గిన్నెలనే ఉండి ఇంకింత చిక్కనైతది. మా దిక్కు గ్రానైట్ బండలల్లకెల్లి కరిగి బోరు నీళ్లల్ల కలుస్తది, రంగు లేదు వాసన లేదు. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే తాగొద్దంటరు. ముందుగాల పిల్లల పండ్ల మీద గోధుమరంగు గీతలు వస్తయ్, బొక్కలకు ఎక్కేటందుకు ఏండ్లకేండ్లు వడ్తది. గడియల రాయి అయ్యేది ఎక్కడ లేదు.

పాలమూరు_పాచికలు:
అక్కా ఇది కంచుసీమ, నల్లగొండ కాదు. ఆడ ఫ్లోరైడ్ అన్న మాటనే లేదు. మంత్రం నీళ్లకు మంట తగిలితే మంత్రం ఇరుగుతది. ఆవిరి ఎటు పోతది, గిన్నెల ఏం మిగుల్తది అని లెక్క తీస్కుంట కూసుంటే ఆట ఎప్పుడు ఆడాలె?

సోమశిల_గాలి:
నాకైతే ఒక్కసారే రాయి అయితేనే భయం. ఏండ్లకేండ్లు అంటే ఆటల ఎట్ల చూపిస్తరు?

మర్రినీడ:
చూపియ్యొచ్చు. 2017 డిసెంబర్ల మన పిల్లలమర్రి పెద్ద కొమ్మ విరిగిపడ్డది యాదికుందా? దాదాపు 700 ఏండ్ల చెట్టు అంటరు. లోపల చెదలు ఎప్పటిసంది తింటున్నయో, పైకి మాత్రం పచ్చగనే కనవడె. తర్వాత సెలైన్ బాటిళ్లు కట్టి చుక్క చుక్క మందు ఎక్కించిన్రు. చిన్నప్పుడు గదే చెట్టు కింద సద్ది తిన్న, ఒక్కనాడు అనుమానం రాలే.

పాలమూరు_పాచికలు:
చెట్టు ముచ్చట పక్కకు పెట్టున్రి. కాగబెడితే ఏం తప్పో చెప్పమంటే ఎవ్వరు చెప్తలేరు.

మునుగోడు_బిడ్డ:
చెప్తున్న, ఇను. గుండం చుట్టూ రాయి అయిన మనుషుల బొమ్మలు పెట్టినవ్ గదా, వాటి కింద ఏం రాసినవ్? "ఓపిక లేక పచ్చినీళ్లు తాగినోళ్లు" అని రాసినవ్. మా అమ్మ పన్నెండేండ్లు కట్టెలపొయ్యి మీద నీళ్లు కాగబెట్టి, పాత చీర నాలుగు మడతలేసి వడబోసి మాకు తాపింది. కాగబెడితే మంచిదని ఎవరో డాక్టర్ చెప్పిండంట. ఇప్పుడామె కింద కూసుంటే లేవరాదు, పక్కకు చూడాలంటే మెడ తిరగక మొత్తం మనిషే తిరుగుతది. ఆమెకు ఓపిక లేదా? జాగ్రత్త లేదా?

పాలమూరు_పాచికలు:
అంత మాట నాకెందుకు అంటున్నవ్ అక్కా, మీ అమ్మను నేనేమన్న అన్ననా? నీకొక్కదానికేనా బాధ? మా నాయినను గుంపుమేస్త్రి తోలుకపోయి పాలమూరు లేబర్ అని ఎక్కడెక్కడి కాలువలో తవ్విపిచ్చిండు, ఊరోళ్లకు మాత్రం చుక్క నీళ్లు లేకుండె, ఎంత తవ్వినా అప్పు తీరలే. ఒళ్లు దాచుకోని మనిషి. గందుకే ఆటలనన్న జాగ్రత్తగున్నోడు బతికి బయటవడాలె అని పెట్టిన. గదన్న లేకపోతే నేను ఆడుడెందుకు?

సోమశిల_గాలి:
ఇద్దరు జర నిమ్మలపడున్రి.

మునుగోడు_బిడ్డ:
గీ మాట ఆదివారమే చెప్తే నేను లేచిపోకపోదును. బయటవడే దారి వద్దని నేనన్లే అన్నా. ఆ దారి ఒక్కొక్కరి పొయ్యి మీద పెట్టకు అంటున్న. నీరి అనే పర్యావరణ పరిశోధన సంస్థోళ్లు పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్ తేర్చే పద్ధతి తెచ్చిన్రు, దానికి మా జిల్లా పేరే పెట్టి నల్లగొండ టెక్నిక్ అంటరు. రోజూ పటిక కొలుసుడు, కలుపుడు, మడ్డి పారబోసుడు మా అమ్మతోని కాలే. కృష్ణ నీళ్లు పైపుల ఇంటికి వచ్చినంకనే మా బోరు బందైంది. కంచుసీమల గూడ దూరం నుంచి కాలువ తవ్వుకొస్తేనే ఊరు బతుకుతది అని పెట్టు. ఆ తవ్వుడు ఎట్లుంటదో నాకంటే నీకే ఎక్కువ ఎర్క.

పాలమూరు_పాచికలు:
బొమ్మల కింద రాసింది తీసేసిన. కాగబెట్టుడు మీద ఇంకా ఒప్పుకోలే, చూద్దం.

మ్యాప్_మేస్త్రి:
కాలువ అంటే గుండానికి ఉత్తరం దిక్కు అంత బండనే ఉన్నది, మ్యాప్ మళ్ల గియ్యాలె. పాచికలన్నా, మీ నాయినను అడిగి చెప్పు, బండల గజం లోతు తవ్వాలంటే పది మందికి ఎన్నొద్దులు వడ్తుండె?

పాలమూరు_పాచికలు:
పొలం కాడికి పోయిండు. పొద్దుగూకినంక అడుగుత.