చీట్ చేసింది మనిషి, బ్యాన్ పడింది మదర్‌బోర్డుకు: ఇది న్యాయమేనా?

పాతబోర్డు:
ఆన్‌లైన్ ఆటల్లో చీట్, అంటే అడ్డదారిలో గెలిపించే ప్రోగ్రాము, వాడినవారి అకౌంటును మూసేయడంతో ఆగకుండా, వారి కంప్యూటర్‌నే బ్యాన్ చేయడం సరైనదేనా? మొహమాటం లేకుండా చెప్పండి.

అడగడానికి కారణం ఉంది. సెకండ్ హ్యాండ్‌లో ఒక మదర్‌బోర్డు కొన్నాను. ప్రాసెసర్, ర్యామ్, ఎస్ఎస్‌డీ అన్నీ కొత్తవే. విండోస్ కూడా కొత్తగా వేశాను. ఆట దించుకుని అకౌంట్ తెరిచాను. మొదటి మ్యాచ్ మొదలు కాకముందే ఈ పరికరంపై నిషేధం ఉందని తెర మీద కనిపించింది. సపోర్టుకు రాస్తే, నిర్ణయం సరైనదే, ఇక మార్పు ఉండదు అని రెండు ముక్కల్లో తేల్చేశారు. ఇల్లు ఖాళీ చేసి వెళ్లినవాడి బాకీకి కొత్తగా అద్దెకు దిగినవాడి పీక పట్టుకున్నట్టుంది. తప్పు చేసిన మనిషికే శిక్ష పడాలి. చేతులు మారే వస్తువు మీద శిక్ష వేస్తే అది ఎవరి నెత్తిన పడుతుందో వేసినవారికే తెలియదు.

సర్వర్‌కాపరి:
మీకు జరిగింది అన్యాయమే. అయినా హార్డ్‌వేర్ బ్యాన్ ఉండాల్సిందేనని నేను గట్టిగా అంటాను. చిన్న టోర్నమెంట్లకు సర్వర్లు నడుపుతాను, కనుక ఈ గోల దగ్గరి నుంచి చూస్తున్నాను.

వాలరెంట్ లాంటి ఉచిత ఆటలో అకౌంట్ తెరవడానికి ఒక ఈమెయిల్ చాలు. గోడల అవతల ఉన్నవాళ్లను చూపించే చీట్ వాడినవాణ్ని ఉదయం పట్టుకుంటే మధ్యాహ్నానికి ఇంకో పేరుతో వచ్చి కూర్చుంటాడు. ఇంటర్నెట్ కనెక్షన్‌ను గుర్తించే ఐపీ అడ్రస్‌ను ఆపితే, చాలాసార్లు రౌటర్‌ను ఒకసారి ఆపి మళ్లీ ఆన్ చేస్తే వేరేది వస్తుంది. పైగా చాలా ఇంటర్నెట్ సంస్థలు ఒకే ఐపీని ఎంతోమందికి పంచుతాయి కాబట్టి ఏ పాపం ఎరుగని ఇరుగుపొరుగు కూడా బయట పడతారు. ఇక మిగిలిన దారి యంత్రాన్ని గుర్తుపట్టడమే. నెలల తరబడి సాధన చేసిన పిల్లలు ఫైనల్లో చీట్ వాడినవాడి చేతిలో ఓడిపోయి, తమ ఆటే బాగాలేదనుకుని మానేయడం చూశాను. వారికి జరిగిన అన్యాయం గురించి ఎవరూ థ్రెడ్ పెట్టరు.

మరమ్మతుబల్ల:
పాతబోర్డు గారూ, వాదన తర్వాత. ముందు మీ కంప్యూటర్ తన గురించి ఏం చెబుతోందో చూద్దాం. హార్డ్‌వేర్ ఐడీ అనేది ఎక్కడో ఒకచోట రాసిపెట్టిన ఒకే నంబర్ కాదు. చీట్‌ను పట్టే యాంటీ చీట్ ప్రోగ్రాములు చాలా నంబర్లను పోగుచేసి, కలిపి చూసి ఒక గుర్తు తయారుచేస్తాయి. ఏవేవి చూస్తాయో, దేనికి ఎంత విలువ ఇస్తాయో కంపెనీలు బయటపెట్టవు. ఆ నంబర్లలో కొన్ని గట్టివి, కొన్ని గాలివాటం.

మెషిన్ జీయూఐడీ అని విండోస్ రిజిస్ట్రీలో ఒకటి ఉంటుంది. విండోస్ మళ్లీ వేస్తే అది మారిపోతుంది. కమాండ్ ప్రాంప్ట్‌లో వాల్ (vol) అని కొడితే వచ్చే ఎనిమిది అంకెల, అక్షరాల నంబర్ డిస్కు ఫార్మాట్ చేసినప్పుడు పుట్టింది. చాలామంది దాన్నే హార్డ్ డిస్కు సీరియల్ అనుకుంటారు. అసలు సీరియల్ ఫ్యాక్టరీలో డ్రైవ్‌లోకి ఎక్కించింది, ఫార్మాట్ చేసినా పోదు. నెట్‌వర్క్ చిప్‌కు ఉండే గుర్తు అయిన మ్యాక్ అడ్రస్ గెట్‌మ్యాక్ కమాండ్‌తో కనిపిస్తుంది. అది 48 బిట్ల నంబర్. మామూలుగా అందులో మొదటి సగం తయారీ సంస్థకు కేటాయించింది. అయితే నెట్‌వర్క్‌కు చూపించే అడ్రస్‌ను సాఫ్ట్‌వేర్‌తో మార్చుకోవచ్చు. వైఫైకి విండోసే యాదృచ్ఛిక అడ్రస్ ఇచ్చే సదుపాయం సెట్టింగుల్లో ఉంది.

బోర్డుకు చెందినవి రెండు: బోర్డు సీరియల్, ఏ రెండిటికీ ఒకటి కాకూడని 128 బిట్ల గుర్తు అయిన సిస్టమ్ యూయూఐడీ. ఇవి ఫర్మ్‌వేర్‌లో, అంటే బోర్డులోనే ఎక్కించి ఉన్న సాఫ్ట్‌వేర్‌లో ఉంటాయి. పవర్‌షెల్‌లో విన్32 బేస్‌బోర్డ్ అనే క్లాసును అడిగితే సీరియల్, విన్32 కంప్యూటర్ సిస్టమ్ ప్రోడక్ట్‌ను అడిగితే యూయూఐడీ వస్తాయి. పాత వ్యాసాల్లో చెప్పే డబ్ల్యూఎంఐసీ కమాండ్ కొత్త విండోస్ 11లో ముందుగా ఉండకపోవచ్చు. లినక్స్‌లో అయితే డీఎంఐడీకోడ్ రెండూ చూపిస్తుంది.

మీరు డిస్కు, ప్రాసెసర్, విండోస్ అన్నీ మార్చారు. పాత కంప్యూటర్ నుంచి మీ దాకా వచ్చినవి ఈ రెండు నంబర్లు, బోర్డు మీదే ఉన్న నెట్‌వర్క్ చిప్ మ్యాక్ అడ్రస్ మాత్రమే. ఆ మూడూ చూడండి. సీరియల్, మ్యాక్ అడ్రస్ ఇక్కడ పెట్టకండి, అవి మీ సొంత గుర్తులు. ఏ తీరుగా ఉన్నాయో చెబితే చాలు.

వేగం99:
ఇంత తలనొప్పి ఎందుకు? ఐడీలు మార్చే స్పూఫర్లు బోలెడు. ఒకటి వేసుకుంటే రెండు నిమిషాల్లో ఆట తెరుచుకుంటుంది.

మరమ్మతుబల్ల:
దయచేసి ఎవరూ ఆ పని చేయకండి. స్పూఫర్ పనిచేయాలంటే కెర్నెల్ స్థాయిలో డ్రైవర్ ఎక్కాలి. అంటే కంప్యూటర్‌లో అన్నిటికన్నా లోతైన చోటుకు ఊరూ పేరూ తెలియనివాడి చేతికి తాళం ఇవ్వడం. చాలావాటి సూచనల్లో మొదటి మెట్టే యాంటీవైరస్ ఆపేయమని ఉంటుంది. కంప్యూటర్ మొదలయ్యేటప్పుడు నమ్మకం లేని ప్రోగ్రాములను అడ్డుకునే సెక్యూర్ బూట్ కూడా ఆపమంటారు. అలాంటివి వేసుకుని ఈమెయిల్, బ్యాంకు పాస్‌వర్డులు పోగొట్టుకున్న కంప్యూటర్లు నా బల్ల మీదికి వచ్చాయి. పైగా స్పూఫర్ దొరికితే అదే కొత్త బ్యాన్‌కు కారణమవుతుంది. తప్పు చేయనివారు దాన్ని వాడితే చేతిలో ఉన్న ఒకే ఒక బలం, నిజాయతీ, పోతుంది.

పాతబోర్డు:
చూశాను. బోర్డు సీరియల్ ఉండాల్సిన చోట 'టు బి ఫిల్డ్ బై ఓఈఎం' అని ఉంది. యూయూఐడీ ఇది: 03000200-0400-0500-0006-000700080009. మ్యాక్ అడ్రస్ మామూలుగానే ఉంది. ఆ సీరియల్‌కు అర్థమేమిటి?

మరమ్మతుబల్ల:
తయారీదారు ఇక్కడ నంబర్ నింపాలి అని వదిలిన ఖాళీ అది. ఎవరూ నింపలేదు. మీ యూయూఐడీని ఇక్కడ పెట్టినా నష్టం లేదు, ఎందుకంటే అది మీది కాదు. సున్నాలు వదిలేసి, మొదటి రెండూ తారుమారయ్యాయని గుర్తుంచుకుంటే అంకెలు ఎలా వరుసగా పెరుగుతున్నాయో చూడండి: 03, 02, 04, 05, 06, 07, 08, 09. ఫర్మ్‌వేర్‌లో నమూనాగా ఉన్న విలువ. దాన్ని మార్చకుండానే అమ్మిన బోర్డులు లోకంలో ఎన్నో ఉన్నాయి. అన్నిట్లోనూ ఇదే నంబర్ ఉంటుంది.

అంటే రెండు అవకాశాలు. ఒకటి, పాత యజమాని నిజంగానే చీట్ వాడాడు, నెట్‌వర్క్ చిప్ మ్యాక్ అడ్రస్ మిమ్మల్ని పట్టించింది. రెండు, మీ బోర్డుతో ఏ సంబంధమూ లేని ఎవరో, ఇదే నమూనా నంబర్ ఉన్న మరో బోర్డు మీద చీట్ వాడి దొరికారు. జాగ్రత్తగా రాసిన యాంటీ చీట్ ఇలాంటి విలువలను పక్కన పెట్టాలి. పెట్టిందో లేదో మనకు కనిపించదు.

సవాలక్ష:
నా అభ్యంతరమంతా ఆ చివరి మాట దగ్గరే ఉంది. సర్వర్‌కాపరి గారు చెప్పిన బాధ నిజం, కాదనను. కానీ యంత్రాన్ని బ్యాన్ చేసే అధికారం కావాలనేవారు తమ లెక్క తప్పవచ్చని ఒప్పుకోవాలి. తప్పిన సందర్భాలు ఉన్నాయి. 2010 జూలైలో, స్టీమ్ అనే ఆటల దుకాణాన్ని నడిపే వాల్వ్ కంపెనీ వారి యాంటీ చీట్ అయిన వ్యాక్ వ్యవస్థ ఒక ఆటలో సుమారు 12,000 స్టీమ్ అకౌంట్లను పొరపాటున బ్యాన్ చేసింది. ఆట అప్‌డేట్ అవుతున్న వేళ డిస్కు మీది ఫైలు, మెమరీలోని ఫైలు ఒకదానితో ఒకటి సరిపోలకపోవడమే కారణం. వాల్వ్ అధినేత గేబ్ న్యూవెల్ స్వయంగా క్షమాపణ చెప్పి, బ్యాన్లు ఎత్తేసి, ఒక్కొక్కరికీ ఒక ఆట ఉచితంగా ఇచ్చారు. 2023 అక్టోబరులో ప్రాసెసర్లు, గ్రాఫిక్స్ చిప్‌లు తయారుచేసే ఏఎండీ, యాంటీ ల్యాగ్ ప్లస్ అనే తన గ్రాఫిక్స్ డ్రైవర్ సదుపాయాన్ని కౌంటర్ స్ట్రైక్ 2 ఆటకూ తెచ్చింది. అది ఆట ఫైళ్లలోని ఫంక్షన్లను దారి మళ్లించడంతో ఆ ఆట ఆడేవారికి వ్యాక్ బ్యాన్లు పడ్డాయి. డ్రైవర్‌ను వెనక్కి తీసుకున్నారు, బ్యాన్లను సరిదిద్దారు.

ఆ రెండు సందర్భాల్లోనూ చాలామందికి ఒకేసారి జరిగింది కాబట్టి గొడవ పెద్దదయింది, కంపెనీ వెతికింది. పాతబోర్డు గారికి ఒంటరిగా జరిగింది. ఆయన కేసును ఎవరు వెతుకుతారు?

సర్వర్‌కాపరి:
వెతకాలనే నేనూ అంటాను. కానీ ఆధారాలన్నీ చూపించమనడం కుదరదు. ఏ కదలిక పట్టించిందో తెలిస్తే చీట్ అమ్మేవాళ్లు మర్నాడే దాన్ని సరిచేసుకుంటారు. అందుకే చాలా కంపెనీలు దొరికినవారిని వెంటనే ఆపకుండా, కొన్నాళ్లు ఆగి ఒకేసారి గుంపుగా బ్యాన్ చేస్తాయి. ఆ గుట్టు వదిలితే ఇక చేతిలో ఏమీ మిగలదు.

సవాలక్ష:
చీట్‌ను ఎలా పట్టారో చెప్పవద్దు. ఏ తేదీన బ్యాన్ పడింది, అకౌంట్ కారణంగానా పరికరం కారణంగానా, ఎంతకాలం అన్నది చెబితే ఏ గుట్టూ బయటపడదు. బ్యాన్ తేదీ ఆయన బోర్డు కొన్న తేదీకన్నా ముందుదైతే అక్కడే కేసు తేలిపోతుంది.

సర్వర్‌కాపరి:
ఆ మూడు వివరాలకు నాకు అభ్యంతరం లేదు. కాలపరిమితి ఉండాలన్నదీ ఒప్పుకుంటాను. అకౌంట్‌కు శాశ్వతం, యంత్రానికి కొన్ని నెలలు. చీట్ వ్యాపారాన్ని విసిగించడానికి అది చాలు.

పాఠకుడు:
ఈ నంబర్లు ఇంత బలహీనమైతే, కంప్యూటర్‌లో రహస్య కీలను దాచే భద్రతా భాగమైన టీపీఎం వాడితే పోదా? అందులో ఫ్యాక్టరీలోనే పెట్టిన కీ ఉంటుంది, నకిలీ చేయడం చాలా కష్టం. విండోస్ 11కు టీపీఎం 2.0 ఎలాగూ తప్పనిసరి, విండోస్ 11లో వాలరెంట్ కూడా దాన్ని అడుగుతోంది.

సవాలక్ష:
నకిలీ నంబర్ల గొడవ తగ్గుతుంది, నిజమే. మనిషి ఎవరన్న ప్రశ్న అలాగే ఉంటుంది. అన్నదమ్ములు ఒకే కంప్యూటర్‌లో ఆడుకునే ఇంట్లో ఆ కీ ఇద్దరిదీ ఒకటే. గుర్తు ఎంత గట్టిదైతే తప్పు పడినప్పుడు బయటపడటం అంత కష్టం. 1999లో ఇంటెల్ పెంటియం 3 ప్రాసెసర్‌లో సాఫ్ట్‌వేర్ చదవగలిగే 96 బిట్ల సీరియల్ నంబర్ పెట్టినప్పుడు వ్యక్తిగత గోప్యత పేరిట పెద్ద నిరసన వచ్చింది. పెంటియం 4 వచ్చేసరికి అది లేదు. అంతకన్నా గట్టి గుర్తును ఈనాడు ఆట కోసం మనమే అప్పగిస్తున్నాం. అప్పగించవద్దని నేను అనడం లేదు, బదులుగా మనిషి చదివే అప్పీలు ఉండాలి.

మరమ్మతుబల్ల:
టీపీఎం చాలా కంప్యూటర్లలో వేరే చిప్ కాదు, ప్రాసెసర్‌లోనో చిప్‌సెట్‌లోనో నడిచే ఫర్మ్‌వేర్. ఏఎండీ ప్రాసెసర్లలో అది ప్రాసెసర్‌తోపాటే వెళ్తుంది. కాబట్టి రేపు సెకండ్ హ్యాండ్ ప్రాసెసర్ కొన్నవారికీ ఇదే తంటా రావచ్చు. కొనేముందు మీరు ఆడే ఆటను ఆ భాగం మీదే, మీ అకౌంటుతో కాకుండా అమ్మేవారి అకౌంటుతో, ఒక మ్యాచ్ దాకా తెరిచి చూపించమని అడగండి. చూపించనంటే కొనకండి.

పాతబోర్డు గారూ, మళ్లీ రాయండి, ఈసారి తిట్లూ బతిమాలడమూ లేకుండా. కొన్న రసీదు తేదీతో సహా జత చేయండి. సీరియల్ ఖాళీగా ఉందని, యూయూఐడీ నమూనా విలువ అని పవర్‌షెల్ తెర ఫొటోతో చూపండి. బ్యాన్ ఏ తేదీన పడిందో ఒక్కటే అడగండి. ఆ యూయూఐడీ చూడగానే విషయం తెలిసే ఇంజనీరు అక్కడ ఎవరో ఒకరు ఉంటారు, ఉత్తరం అతని దాకా చేరాలి.

పాతబోర్డు:
రసీదు ఉంది, తేదీ స్పష్టంగా ఉంది. ఈ రాత్రే పంపుతున్నాను. అమ్మిన వ్యక్తిని కూడా అడిగాను, తాను ఆ ఆట ఎప్పుడూ ఆడలేదంటున్నాడు. అతని మాట నిజమైతే మీరు చెప్పిన రెండో అవకాశమే మిగిలింది. వారు తేదీ చెబితే ఇక్కడే రాస్తాను.