పిల్లల కథలో 'కామరూపి' అనొచ్చా? రూపం మార్చే జీవికి తెలుగు మాట ఏది?

వర్తూరు చెరువు

అందరికీ నమస్కారం. మా అపార్ట్‌మెంట్‌లో ఆదివారం పూట పిల్లలకు తెలుగు క్లాసు నడుపుతున్నాం. అందరూ బెంగళూరులో పుట్టి పెరిగినవాళ్లే. ఇంట్లో తెలుగు, కింద ఆటల్లో కన్నడం, బళ్లో ఇంగ్లీషు. వాళ్లకోసం ఒక కథ రాశాను. అందులో ఒక ముసలమ్మ ఉంది, బుద్ధి పుట్టినప్పుడల్లా గుడ్లగూబ అయిపోతుంది. ఒక కుర్రాడున్నాడు, పున్నమి వచ్చిందంటే వద్దనుకున్నా తోడేలైపోతాడు. ఇద్దరికీ కలిపి 'కామరూపులు' అని రాశాను.

చదివిన ఒక నాన్నగారు "ఆ మాట పిల్లల పుస్తకంలో బాగుండదండీ" అన్నారు. ఇంకొకావిడ "అది అస్సాం పేరు కదా" అన్నారు. నాకైతే మాట నచ్చింది. ఉంచమంటారా, తీసేయమంటారా?

రాత్రిషిఫ్టు

షేప్‌షిఫ్టర్ అని రాసేయండి అక్కా. గేముల్లో రోజూ వింటున్న మాటే కాబట్టి పిల్లలకు విడమరిచి చెప్పే పని ఉండదు. కామరూపి మాత్రం అచ్చ తెలుగా ఏంటి? ఒక పరాయి మాట తీసి ఇంకో పరాయి మాట పెట్టడానికి ఇంత చర్చ ఎందుకు?

వడపళని డబ్బింగ్

చెన్నైలో చాలా కాలం డబ్బింగ్‌కి మాటలు రాసి, పిల్లల ఉద్యోగాల వల్ల ఈ ఊరొచ్చి పడ్డవాణ్ని. మా పనిలో పెదాల లెక్క ఒకటుంటుంది. తెరమీద నోరు మూతపడిన చోట మన మాటలో కూడా ప, బ, మల్లో ఏదో ఒకటి పడాలి. 'షేప్‌షిఫ్టర్' అనే నోటికి 'కామరూపి' పెడితే మధ్యలో మ దగ్గర బాగానే కలుస్తుంది, చివర్లో 'పి' దగ్గర దొరికిపోతాం. అక్కడ తెరమీద మనిషి నోరు తెరిచి ఉంటాడు. 'మాయావి' అయితే ఆఖరి 'వి' ఆ 'ఫ్' మీద చక్కగా కూర్చుంటుంది. అందుకే మేం ఎప్పుడూ మాయావి అనే కొట్టేవాళ్లం.

ఇంకో సంగతి. స్క్రిప్టులో 'కామ' అని కనిపిస్తే చాలు, ఛానెల్ వాళ్లు పెన్నుతో సున్నా చుట్టి పంపేవారు. ఆ నాన్నగారి టెన్షన్ నాకర్థమవుతుంది. జనం చెవికి ఆ మాట అలాగే తగులుతోంది. నా ఓటు మాయావికే.

పాతపుస్తకాలు

మాయావి మీ పెదాలకు సరిపోవచ్చు కానీ ఈ కథకు సరిపోదండీ. మాయావి ఎదుటివాడి కన్నును మోసం చేస్తాడు. కామరూపికి మారేది తన ఒళ్లే. రామాయణంలో రెండూ ఉన్నాయి, పక్కపక్కన పెట్టి చూడండి. ఇంద్రజిత్తు యుద్ధభూమిలో హనుమంతుడి కళ్లెదుటే మాయాసీతను నరికేస్తాడు. అక్కడ ఎవరూ సీతగా మారలేదు, ఉత్త బొమ్మ. అదే మారీచుడు తానే లేడి అయ్యాడు. ఆ ఒంటితోనే పరుగెత్తాడు, ఆ ఒంటికే బాణం తగిలింది, చచ్చేముందు రాక్షసరూపం బయటికొచ్చింది. మొదటిది మాయ, రెండోది కామరూపం. పైగా మాయావి అనే పేరుతో ఒక అసురుడు ఉండనే ఉన్నాడు, దుందుభి అన్నగారు. వాలి గుహలోకి తరుముకుంటూ పోయింది వాణ్నే.

ఇక 'కామ' గురించి. ఇక్కడ కామం అంటే కోరిక, ఇచ్ఛ, అంతే. కామధేనువును ఎవరైనా తప్పుగా అనుకుంటారా? కామాక్షి అని ఆడపిల్లకు పేరు పెడతాం. కోరిన రూపం ధరించగలవాడు కామరూపి. మన్మథుడిలాంటి అందగాడు అనే అర్థం కూడా చెప్పుకోవచ్చు, అది వేరే సమాసం.

మేఘసందేశంలో కాళిదాసు యక్షుడు మబ్బును పలకరిస్తూ "కామరూపం" అంటాడు. నువ్వు ఇంద్రుడి కొలువులో ముఖ్యుడివి, కోరిన రూపం ధరిస్తావు, నాకు తెలుసులే అని. పని చేయించుకోబోయే ముందు పొగడ్త అది. మబ్బుకు బూతేమిటి, రాక్షసత్వమేమిటి? జూన్‌లో సాయంత్రం నాలుగింటికి మన ఊరి ఆకాశం చూసినవాడికి ఆ మాట ఎందుకు పడిందో వేరే చెప్పక్కర్లేదు.

ఉల్లిదోశ

మాస్టారూ, మా ఇంటి ఓనరు అడ్వాన్సు తీసుకునేటప్పుడు ఒక రూపం, తిరిగిచ్చేటప్పుడు ఒక రూపం. కామరూపేనా?

పాతపుస్తకాలు

ఆయన కోరుకునే మారుతున్నాడు కాబట్టి నిస్సందేహంగా.

రాత్రిషిఫ్టు

సరే, మాస్టారి మాటే తీసుకుందాం. అయినా ఆ నాన్నగారి అనుమానం పోదు. నాకు తెలిసి పురాణాల్లో రూపం మార్చేవాళ్లంతా విలన్లే. పూతన, మారీచుడు, సన్యాసి వేషంలో రావణుడు. పిల్లల కథలో ముసలమ్మ మంచిదైతే ఆమెకు విలన్ల మాట ఎందుకు తగిలించడం?

పాతపుస్తకాలు

ఇక్కడే మీరు హనుమంతుణ్ని మరిచిపోయారు. బాలకాండలో బ్రహ్మ దేవతలతో విష్ణువుకు సాయంగా కామరూపులైన బలవంతుల్ని పుట్టించండి అంటాడు. వానరులు అలా పుట్టినవాళ్లే. హనుమంతుడు రామలక్ష్మణుల దగ్గరికి మొదటిసారి వచ్చింది కోతిరూపం వదిలిపెట్టి, భిక్షువుగా. తనను పరిచయం చేసుకుంటూ "కామగం కామరూపిణం" అని తనే చెప్పుకుంటాడు. కోరినచోటికి పోగలను, కోరిన రూపం ధరించగలను అని. తాటకకూ శూర్పణఖకూ వాల్మీకి వాడిన మాటే ఇది. మంచివాడికి ఒకటి, చెడ్డవాడికి ఒకటి అని రెండు మాటలు లేవు.

కానీ అనుమానం మాత్రం ఆ మాట వెంటే ఉంది, అది ఒప్పుకోవాలి. అశోకవనం ఘట్టం తీసుకోండి. హనుమంతుడు మెల్లగా దగ్గరికి జరుగుతుంటాడు. సీతకు ఒక్కసారిగా భయమేస్తుంది. జనస్థానంలో సన్యాసి రూపంలో వచ్చినవాడివి నువ్వే, ఆ రావణుడివే అంటుంది. తిండి లేక చిక్కిపోయి ఉన్నదాన్ని మళ్లీ ఏడిపిస్తున్నావా, "కామరూప నిశాచర" అని నిలదీస్తుంది. కిష్కింధలో గొప్పగా చెప్పుకున్న మాటే ఇక్కడ మొహాన నింద అయి తగిలింది. దానికి హనుమంతుడు ఏం చేశాడు? ఇంకో రూపం చూపించి ఒప్పించబోలేదు. రాముడి రూపురేఖలు వర్ణించాడు, జరిగిందంతా చెప్పాడు, ఉంగరం చేతిలో పెట్టాడు. రూపం మార్చగలవాడి మాట నమ్మాలంటే రూపం కాని సాక్ష్యం ఇంకేదో కావాలి మరి. పిల్లలకు ఈ ఒక్క ఘట్టం చెబితే చాలు, ముసలమ్మ మంచిదా చెడ్డదా అన్నది వాళ్లే తేల్చుకుంటారు.

రాత్రిషిఫ్టు

ఇది బాగుంది మాస్టారూ. ఒక డౌటు. రెండు సైన్యాల్లోనూ కామరూపులే ఉంటే యుద్ధంలో ఎవరు ఎవరో ఎలా తెలిసింది?

పాతపుస్తకాలు

మంచి ప్రశ్న. రావణుడి గూఢచారులు శుకసారణులు వానరరూపంలో రాముడి శిబిరంలోకి దూరనే దూరారు. విభీషణుడు కనిపెట్టి పట్టించాడు. అందుకే యుద్ధం మొదలవబోయే ముందు రాముడు ఒక కట్టడి పెడతాడు. వానరులెవరూ మనిషి రూపం ధరించకూడదు, వానరరూపమే మనవాళ్ల గుర్తు. మనిషి రూపంలో పోరాడేది ఏడుగురే అంటాడు: తానూ, లక్ష్మణుడూ, విభీషణుడూ, విభీషణుడి వెంట వచ్చిన నలుగురూ.

రాత్రిషిఫ్టు

అంటే ఐడీ కార్డు లేనిదే లోపలికి ఎంట్రీ లేదు. మా ఆఫీసు గేటు దగ్గరా ఇదే గోల.

కోలారు కోడలు

అస్సాం మాట వచ్చింది కాబట్టి. కామరూపం అస్సాం ప్రాంతానికి పాత పేరే. సముద్రగుప్తుడి అలహాబాదు స్తంభ శాసనంలో సరిహద్దు రాజ్యాల వరసలో ఉంది, ఇప్పటికీ అక్కడ కామరూప్ జిల్లా ఉంది. శివుడి కంటిమంటలో కాలిపోయిన మన్మథుడికి రూపం తిరిగొచ్చిన చోటు కాబట్టి ఆ పేరని కాళికాపురాణం చెబుతుంది. మా కోలారులో పుట్టిన ఎం.ఎస్. ప్రభాకర గౌహతిలో పాఠాలు చెప్పారు, ఆ ఊళ్లోనే పత్రికా విలేకరిగా పనిచేశారు. కన్నడంలో ఆయన కథలు రాసింది 'కామరూపి' అనే కలంపేరుతోనే. మా మామగారి బీరువాలో ఆ పేరు చూసి పెళ్లైన కొత్తలో నేనూ నవ్వుకున్నాను. ఇంట్లో ఎవరికీ అందులో తప్పు తోచలేదు. కన్నడం వాళ్లకు లేని ఇబ్బంది మనకెందుకండీ?

నా అసలు అభ్యంతరం వేరే. మీ తోడేలు కుర్రాడు కామరూపి ఎలా అవుతాడు? పున్నమి వస్తే వద్దన్నా మారిపోతాడని మీరే రాశారు. మాస్టారు చెప్పినట్టు కోరికే ఆ మాటకు ప్రాణమైతే, కోరిక లేనివాడికి అది పెట్టకూడదు. మా అమ్మమ్మ బాలనాగమ్మ కథ చెప్పేది. మాయల ఫకీరు ఆమెను కుక్కను చేసి వెంట తీసుకుపోతాడు. బాలనాగమ్మ రూపం మారింది, కానీ మార్చుకున్నది ఆమె కాదు. ఆమెను కామరూపి అంటే అమ్మమ్మ లేచి వచ్చి తంతుంది.

పాతపుస్తకాలు

నూటికి నూరుపాళ్లు. అహల్య రాయి కావడం శాపం. వాతాపి మేక కావడం ఇష్టం. అందుకే పసిపిల్లలకు పాలు పట్టి పొట్ట నిమురుతూ అనే "జీర్ణం జీర్ణం వాతాపి జీర్ణం"లో జాలి అక్కర్లేదు, వాడు కోరి తెచ్చుకున్నదే. పరకాయప్రవేశం కూడా కామరూపం కిందికి రాదు. భాగవతం ఏకాదశ స్కంధంలో కృష్ణుడు ఉద్ధవుడికి సిద్ధులు చెబుతూ కామరూపాన్నీ పరకాయప్రవేశాన్నీ విడివిడిగా లెక్కపెట్టాడు. ఒకటి తన ఒళ్లు మార్చుకోవడం, ఇంకోటి వేరేవాడి ఒంట్లో దూరడం.

వడపళని డబ్బింగ్

మీరు ఇద్దరూ కలిసి మాటను మరీ ఇరుకు చేసేస్తున్నారు. చూసేవాడికి ఇంత లెక్క ఉండదు. ఒకడు ఇంకొకడయ్యాడు, అంతే. సీరియళ్లలో పాముకు 'ఇచ్ఛాధారి' అంటున్నారు, హిందీ నుంచి వచ్చింది. జనం హాయిగా తీసుకున్నారు. అదీ మీ కామరూపి అర్థమే, 'కామ' అనే తంటా లేకుండా.

పాతపుస్తకాలు

ఇచ్ఛాధారి అంటే ఇచ్ఛను ధరించినవాడు. రూపం ఎక్కడుంది అందులో? ఆ లెక్కన చీరల షాపులో నిలబడ్డ ప్రతివాళ్లూ ఇచ్ఛాధారులే. ఇచ్ఛారూపధారి అంటే అర్థం కుదిరేది, నోరు తిరగదు.

వడపళని డబ్బింగ్

అర్థం కుదిరాకే మాటలు నిలుస్తాయంటే తెలుగులో సగం మాటలు ఉండవు మాస్టారూ. కానీ ఒకటి గమనించండి. తెలుగువాళ్లు ఆ జీవి జాతికి పేరు పెట్టడానికి పెద్దగా తాపత్రయపడలేదు. మార్చిన రూపానికే పేరు పెట్టారు, ముందు 'మాయ' తగిలించి. మారీచుడు మనకు మాయలేడి. మనుచరిత్రలో ప్రవరుడి రూపం దాల్చి వరూధినిని మోసం చేసిన గంధర్వుడు మాయాప్రవరుడు. కళాపూర్ణోదయంలో అయితే మాయారంభకూ అసలు రంభకూ తగువే నడుస్తుంది. 1957లో మా వడపళని స్టూడియోలో తీసిన మాయాబజార్‌లో ఘటోత్కచుడు శశిరేఖగా మారితే ఆమె మాయాశశిరేఖ. సావిత్రి నడకలో మగరాక్షసుడు కనిపిస్తుంటే ఇది ఏ జాతి జీవి అని హాల్లో ఎవడైనా అడిగాడా? మీరు మాయకు కంటిమోసం అని అర్థం చెప్పారు, శాస్త్రానికి సరే. వాడుకలో మాయలేడి ఒళ్లు మారిన లేడే కదా, మీరే చెప్పారు.

పాతపుస్తకాలు

లేడికి మాయ అన్నారు, మారీచుడికి అనలేదు. మారినదాన్ని మాయ అనండి, నాకేం అభ్యంతరం లేదు. మార్చుకునే శక్తి ఉన్నవాడి పేరే కదా ఇక్కడి ప్రశ్న. ఆ శక్తికి మనకున్న పేరు ఒక్కటే. చలామణిలో లేదని వదిలేస్తే మిగిలేది షేప్‌షిఫ్టరే.

రాత్రిషిఫ్టు

నేను మొదట చెప్పింది అదేగా :)

ఇంతకీ సైజు మారడం కూడా కామరూపమేనా? సురస నోరు పెంచుతూ పోతే హనుమంతుడు ఒక్కసారి బొటనవేలంత అయి లోపలికెళ్లి వచ్చేస్తాడు కదా.

పాతపుస్తకాలు

చిన్నవాడు కావడం అణిమ, పెద్దవాడు కావడం మహిమ. ఆకారం హనుమంతుడిదే, కొలత మారింది. నేనైతే విడిగానే పెడతాను. ఒప్పుకోని పండితులుంటే ఉండనివ్వండి.

వర్తూరు చెరువు

ఒక ప్రశ్న వేసి పప్పు పొయ్యిమీద పెట్టుకున్నాను, వచ్చి చూస్తే ఇంత నడిచింది. అందరికీ థ్యాంక్స్. నిన్న రాత్రి కూర్చుని మార్చి రాశాను. ముసలమ్మను కామరూపిగానే ఉంచాను, మొదటిసారి వచ్చినచోట 'కోరిన రూపం ధరించగల ముసలమ్మ' అని కలిపి రాశాను కాబట్టి విడిగా అర్థం ఇవ్వక్కర్లేదు. ఎగిరేటప్పుడు మాత్రం ఆమె మాయగుడ్లగూబ. డబ్బింగ్ గారి మాట అక్కడ బాగా పనికొచ్చింది. కుర్రాడి దగ్గర జాతిపేరు తీసేశాను. 'పున్నమికి తోడేలయ్యే పిల్లాడు' అని ఊరుకున్నాను. వాడి బాధంతా తన చేతిలో లేకపోవడమే కాబట్టి, కోలారు అక్క చెప్పాక ఇద్దరినీ ఒకే గాటన కట్టబుద్ధి కాలేదు.

ఆ నాన్నగారు మాత్రం ఇంకా దిగిరాలేదు. కామధేనువు గురించి చెప్పాను. "ఆవు వేరు, ముసలమ్మ వేరు" అన్నారు.

ఉల్లిదోశ

ఆయన్ని ఆదివారం క్లాసుకు పిలిచి సుందరకాండ మాస్టారి చేత చెప్పించండి. టిఫిన్ నాది.

పాతపుస్తకాలు

వర్తూరు దాకా రావాలంటే హనుమంతుడే కావాలి నాయనా, ఆ ట్రాఫిక్‌లో. ఫోన్‌లో అయితే చెబుతాను.